క్లీవ్‌లాండ్ గోలీ ముచ్చట

ఆ రోజుల్ల ఐస్ హాకీ పెద్ద లీగు ఎన్‌హెచ్‌ఎల్‌ల గోలీకి, అంటె నెట్టు కాసేటోనికి, జాగాలు ఆరంటె ఆరే బిడ్డా. ఇయ్యాల ఎన్‌హెచ్‌ఎల్‌ల 32 టీములు, టీముకు ఇద్దరిద్దరు గోలీలు. 1942 సంది 1967 దాక గట్ల లేకుండె. మాంట్రియల్, టొరంటో, బోస్టన్, న్యూయార్క్, షికాగో, డెట్రాయిట్. ఇగ అయిపోయె. టీము ఎంబడి ఒక్కడే గోలీ పోయేటోడు. మొఖం పలిగితె ఆట ఆపేటోళ్లు. డాక్టరు లోపటికి తీస్కపోయి కుట్లేసి, మల్ల తెచ్చి నెట్టు ముంగట నిలబెడ్తుండె. జనం అందాక కూసునేటోళ్లు. గోలీ అస్సలే లేవకుంటె దొరికినోన్ని నిలబెట్టుడే. డెట్రాయిట్ టీముకు లెఫ్టీ విల్సన్ అని ఒక ట్రైనర్ ఉండె. ఆటగాళ్లకు కట్లు కట్టుడు, సామాను చూసుకునుడు ఆయన పని. గా మనిషి 1953ల సొంత టీముకు, 1956ల టొరంటోకు, 1957ల బోస్టన్‌కు గోలీగ నిలబడ్డడు. చివరి రెండుసార్లు తన టీము మీదనే! ఇద్దరు గోలీలు తయారుగ ఉండాలె అన్న కాయిదా 1965-66ల గాని రాలే.

1952-53ల ఆ ఆరుగురు ఎవరంటె, డెట్రాయిట్‌కు టెర్రీ సావ్‌చక్, మాంట్రియల్‌కు జెర్రీ మెక్‌నీల్, టొరంటోకు హ్యారీ లమ్లీ, బోస్టన్‌కు జిమ్ హెన్రీ, షికాగోకు అల్ రోలిన్స్, న్యూయార్క్‌కు గంప్ వర్స్‌లీ. ఈళ్ల పేర్లు అప్పట్ల ఈ కెనడాల పోరలందరికి నోటికొచ్చేవి. మరి ఏడోవాడు ఎవరు? లోకంల ఏడో గోలీ ఎక్కడున్నడు, ఏం తింటున్నడు, ఏ బస్సుల తిరుగుతున్నడు? ఎవ్వరూ అడగరు. నాకు గా ఏడోవాని ముచ్చటనే ఇష్టం. నిన్ను మొదటి టీముల తీస్కోలే, రెండో టీముల ఏసిన్రని నిన్నటి సంది మూతి ముడుచుకున్నవు గద, అందుకే యాదికొచ్చింది. ఆయన పేరు జానీ బవర్.

నీకు ఆయన పేరు తెలుసు, టొరంటో మేపుల్ లీఫ్స్ గోలీ అని తెలుసు. గదే చిక్కు. నేను ఈ టొరంటోకొచ్చేసరికి ఆయన ఆట ఇడిసిపెట్టిండు. పేరు మాత్రం ఏ దుకాణంల చూసినా, ఏ నోట విన్నా వినపడేది. నేను పనిచేసిన మిషన్ షాపుల ఫోర్‌మన్ ఒకాయన క్లీవ్‌లాండ్‌ల పుట్టి పెరిగినోడు. లంచ్ గంట కొట్టంగనే డబ్బా ఇప్పి, బవర్ ముచ్చట తీసేటోడు. "మీ టొరంటోళ్లకు బవర్ కథ 1958ల మొదలైతది. మాకు ఆ ఏడే అయిపోయింది" అనేటోడు. మొదట్ల నాకు ఆ మాట సమజ్ కాలే. తర్వాత తెలిసింది, ఆయనది న్యాయమైన మాట అని.

బవర్ పుట్టింది 1924 నవంబరు 8న, సస్కాచెవాన్‌ల ప్రిన్స్ ఆల్బర్ట్ అనే ఊర్ల. అక్కడి చలి ముంగట మన టొరంటో చలి ఏం గాదు. ఉక్రెయిన్ నుంచి వచ్చిన కుటుంబం. ఇంటిపేరు కిస్కన్, బవర్ అని తర్వాత మార్చుకుండు. ఎనిమిదిమంది ఆడపిల్లల నడుమ ఒక్కడే మొగపిలగాడు. ఇంట్ల పైసలు లేవు. నెట్టు ముంగట నిలబడాల్నంటె కాళ్లకు ప్యాడ్లు కావాలె గద, పాత పరుపు కోసి కట్టుకుండు. స్టిక్ సుత కొనలే. వంకర కొమ్మ ఒకటి చూసి నాయన చెక్కిచ్చిండు. మా ఊర్ల మేం చిర్రగోనె చెక్కుకున్నట్టె అనుకో. పక్ లేకపోతె గుర్రం పెంట. చలికి రాయి లెక్క గడ్డకట్టేది, దాన్ని కొట్టుకునేటోళ్లు. ఈ ముచ్చట చెప్పుకుంట ఆయన పెద్దయినంక సుత నవ్వేటోడు.

లడాయి మొదలైనంక, 1940ల, పదిహేనేండ్ల పోరడు వయసు ఎక్కువ చెప్పి పట్టాలంల చేరిండు. ఇంగ్లండుకు తోలిన్రు. అక్కడ చేతులకు కీళ్లవాతం పట్టుకుంది. 1944ల ఇంటికి పంపేసిన్రు. ఆలోచన చెయ్యి బిడ్డా, గోలీకి బతుకంత చేతులల్లనే ఉంటది. ఆ వేళ్ల నొప్పితోని ఇంక ఇరవై అయిదేండ్లు పక్‌లు ఆపిండు ఆయన.

1945ల క్లీవ్‌లాండ్ బ్యారన్స్ టీముల చేరిండు. అమెరికన్ హాకీ లీగు, ఏహెచ్‌ఎల్. జనం చిన్న లీగు అంటరు. ఫోర్‌మన్ ముంగట ఆ మాట అంటె మాత్రం ఆయనకు కోపమొచ్చేది. యూక్లిడ్ అవెన్యూ మీద క్లీవ్‌లాండ్ అరీనా అని పెద్ద మందిరం ఉండె, 1937ల కట్టిండ్రు. దాదాపు పదివేలమంది పడ్తుండె. ఆట ఉన్న రాత్రి నిండిపోయేది. బన్ కుక్ కోచ్. ఎన్‌హెచ్‌ఎల్ ఆరు టీములు తీసేస్తె లోకంల అసలైన టీము మాదే అని ఊరోళ్ల నమ్మకం. 1952ల ఎన్‌హెచ్‌ఎల్‌ల మమ్ముల కలుపుకోండ్రి అని అడిగిన్రు సుత. పైసల కాడ పడక ఆగిపోయింది. గా టీముకు గోలీ అంటె, ఏడో టీముకు ఏడో గోలీ అన్నట్టు.

ఇయ్యాల మీ సామాను చూస్తె నాకు ఒకపక్క సంతోషం, ఒకపక్క ఆ కాలపు గోలీలు యాదికొస్తరు. నీకు తలకు హెల్మెట్, మొఖానికి జాలీ, గొంతుకు పలక, తేలిక ప్యాడ్లు. బవర్‌కు మొఖం మీద ఏం లేకుండె. ఉత్త మొఖం. పక్ అంటె ఏంది? మూడంగుళాల వెడల్పు, అంగుళం మందం, 170 గ్రాముల గట్టి రబ్బరు. ఎగరొద్దని ఆటకు ముంగట దాన్ని ఫ్రీజర్‌ల పెట్టి గడ్డ కట్టిస్తరు. నాలుగడుగుల ఎత్తు, ఆరడుగుల వెడల్పు నెట్టు ముంగట నిలబడి, మీదికి ఉరికొచ్చే గా రాయిని ఆపాలె. కాళ్ల ప్యాడ్లు తోలువి, లోపట జింక వెంట్రుకలు కుక్కేటోళ్లు. ఆట నడుస్తున్నకొద్ది మంచు నీళ్లు తాగి బరువెక్కేవి. ఆఖరి పిరియడ్ వచ్చేసరికి కాలు లేపుడే కష్టం. 1950ల సంది స్లాప్ షాట్ అందరికి అలవాటైంది, అప్పుడు ఇంక భయం పెరిగింది. జాక్ ప్లాంట్ అనే గోలీ మొఖం పలిగి మాస్క్ పెట్టుకొని మల్ల దిగింది 1959 నవంబరు 1న. బవర్ ఆ తర్వాత సుత ఏండ్ల తరబడి పెట్టుకోలే. వాళ్ల మొఖాల ఫొటోలు చూడు ఒకసారి, కుట్ల గీతలే.

బవర్‌కు ఒక ఇద్దె ఉండె, పోక్ చెక్ అంటరు. చార్లీ రేనర్ అనే న్యూయార్క్ గోలీ దగ్గర నేర్చుకుండు. ఎదుటోడు పక్ తీస్కొని ఒంటిగ మీదికి వస్తుంటె గోలీ ఏం చేస్తడు? ఎనకకు జరిగి, వాడు కొట్టేదాక ఆగుతడు. బవర్ ఆగకపోయేటోడు. వాడు ఇట్ల తల వంచంగనే, ముంగటికి తలకాయ పెట్టి దూకి, స్టిక్ చాపి, పక్‌ను పక్కకు తోసేటోడు. ఉత్త మొఖంతోని స్కేట్ల కత్తుల నడుమకు దూకుడు. ఫోర్‌మన్ బువ్వ డబ్బా పక్కకు పెట్టి, షాపు నేల మీద మోకాళ్లేసి చూపెట్టేటోడు అది ఎట్లనో.

క్లీవ్‌లాండ్‌కు బవర్ ఉన్నప్పుడు 1948ల, 1951ల, 1953ల కాల్డర్ కప్పు, అంటె ఏహెచ్‌ఎల్ కప్పు, వచ్చింది. ఆ మూడోది వినాలె నువ్వు. ఫైనల్ పిట్స్‌బర్గ్ హార్నెట్స్ తోని. చెరి మూడు గెలిచిన్రు. ఏడో ఆట. అటు నెట్టుల గిల్ మేయర్ అని సన్నటి మనిషి, ఇటు బవర్. మొదటి పిరియడ్ సున్న సున్న. రెండోది సున్న సున్న. మూడోది అయిపోయింది, ఒక్క గోల్ పడలే. ఇద్దరు గోలీలు ఎవ్వలు జరగలే. ఓవర్‌టైమ్‌ల క్లీవ్‌లాండ్ డిఫెన్స్ ఆటగాడు బాబ్ క్రిస్టల్ దూరం నుంచి కొట్టిండు. అది పెద్ద షాట్ గాదు. పక్ ఎగురుకుంట పోయి, మేయర్‌ను దాటి నెట్టుల పడ్డది. ఒకటి సున్న. కప్పు క్లీవ్‌లాండ్‌ది. అంతసేపు గోడ లెక్క నిలబడ్డ మేయర్‌కు ఒక్క ఎగురుడుతోని ఏడాది పోయింది. గోలీ బతుకు గట్లనే ఉంటది బిడ్డా, నీకు చెప్పే పనిలేదు.

ఆ ఎండకాలమే న్యూయార్క్ రేంజర్స్ బవర్‌ను తీస్కున్నరు. బదులు క్లీవ్‌లాండ్‌కు ఇచ్చినోళ్లల్ల ఎమిల్ ఫ్రాన్సిస్ అని ఇంకో గోలీ ఉండె. బేస్‌బాల్ ఫస్ట్ బేస్ ఆటగాని గ్లౌజును గోలీ చేతికి తెచ్చింది గాయనే. నీ ఎడమచేతి గ్లౌజు తాత అన్నట్టు. సరే, బవర్‌కు ఇరవై ఎనిమిదేండ్లు నిండి, ఇరవై తొమ్మిదిల పడుతున్నడు. ఆరు జాగాలల్ల ఒకటి దొరికింది. ఎవరిది ఆ జాగా? గంప్ వర్స్‌లీది. వర్స్‌లీ అప్పుడే ఆ ఏటి మేటి కొత్త ఆటగాడని కాల్డర్ ట్రోఫీ గెలిచిండు. గెలిచినోన్ని కింద లీగుకు, వాంకూవర్‌కు తోలిన్రు. అక్కడ వర్స్‌లీ ఆ లీగుకే మేటి అనిపించుకుండు.

1953-54ల బవర్ మొత్తం 70 ఆటలు ఆడిండు. ఒక్క ఆట ఇడవలే. 29 గెలుపులు, 31 ఓటములు, 10 సమానం. ఆటకు సరాసరి 2.60 గోల్స్. అయిదు ఆటలల్ల ఒక్క గోల్ సుత ఇయ్యలే. టీము అంత బలమైంది గాదు, అయిదో స్థానంల ఆగింది. అయినా మనిషి తన పని తాను చేసిండు. నాకు తెలిసి ఇంతకన్న ఏం అడగాలె ఒక గోలీని? మరుసటేడు ఏమైంది? వర్స్‌లీని పైకి పిలిచిన్రు, బవర్‌ను వాంకూవర్‌కు తోలిన్రు. ఇద్దరు జాగాలు మార్చుకున్నట్టె అయింది. వర్స్‌లీ నాలుగైదేండ్లు చిన్నోడు, గంతే. ఎవరి తప్పని చెప్పాలె? ఆరు జాగాలు ఉన్నకాడ ఇద్దరు మంచి గోలీలల్ల ఒకడు బయట ఉండుడే.

ఇక్కడ నాకు ఫోర్‌మన్ మీద గౌరవం పెరిగింది. ఎందుకంటె ఈ ముచ్చట చెప్పేటోళ్లు అందరు ఇక్కడ "పాపం" అంటరు. పాపం కిందికి తోలిన్రు, పాపం ఏండ్లు వృధా అయినయి అని. ఆయన ఎన్నడు పాపం అనకపోయేటోడు. ఎందుకో అప్పటి లెక్కలు చూస్తె తెలుస్తది. వాంకూవర్‌ల ఒక ఏడు. తర్వాత ప్రావిడెన్స్ రెడ్స్‌కు రెండేండ్లు. 1956ల ప్రావిడెన్స్‌కు కాల్డర్ కప్పు తెచ్చిండు, ఫైనల్‌ల ఎవల మీదనో తెలుసా? క్లీవ్‌లాండ్ మీదనే! నాలుగుకు నాలుగు ఆటలు. ఫోర్‌మన్ అది చెప్పినప్పుడు ఇంకా మొఖం అదోలా పెట్టేటోడు. ఏహెచ్‌ఎల్‌ల మేటి ఆటగానికి లెస్ కనింగ్‌హామ్ అవార్డు ఇస్తరు. గోలీకి గాదు, అందరిల మేటికి. బవర్‌కు 1956ల, 1957ల, 1958ల వరుసగ మూడేండ్లు వచ్చింది. తక్కువ గోల్స్ ఇచ్చిన గోలీకి ఇచ్చే హోమ్స్ అవార్డు 1952ల, 1957ల, 1958ల. మొత్తం ఏహెచ్‌ఎల్‌ల 359 గెలుపులు, 45 షటౌట్లు, అంటె ఒక్క గోల్ సుత ఇయ్యని ఆటలు. షటౌట్ల లెక్కను యాభై ఏండ్లు దాటినంక మైకేల్ లేటన్ అనే గోలీ దాటిండు. ఆ 359 మాత్రం అట్లనే ఉంది.

గివి ఎదురుచూసుకుంట కూసున్నోని లెక్కలా? ప్రావిడెన్స్‌ల ఉన్నప్పుడు ఆయన ప్రావిడెన్స్ గోలీ. రాత్రి ఆడి, పొద్దుగాల్ల ఇంకో ఊర్ల దిగేటోడు. చాక్లెట్ ఫ్యాక్టరీ ఉన్న హెర్షీ, బఫలో, రోచెస్టర్, స్ప్రింగ్‌ఫీల్డ్. స్ప్రింగ్‌ఫీల్డ్ అంటె ఆటగాళ్లకు వణుకు. ఆ టీము యజమాని ఎడ్డీ షోర్, తన కాలంల బోస్టన్‌కు ఆడిన గొప్ప ఆటగాడు, కాని మనుషులను కాల్చుకు తినేటోడు. దెబ్బ తాకి ఆడలేనోళ్లతోని, పక్కన పెట్టినోళ్లతోని ఆట మందిరంల బల్బులు మార్పిచ్చేటోడు, పాప్‌కార్న్ చేపిచ్చేటోడు. గోలీ కింద పడొద్దని మెడకు తాడేసి నెట్టు పైకమ్మికి కట్టిండని ఆటగాళ్లు చెప్పుకుంటరు. 1966ల ఆటగాళ్లు ఇగ ఆడమని ఎదురు తిరిగిన్రు. ఆ మరుసటేడే ఎన్‌హెచ్‌ఎల్ ఆటగాళ్ల సంఘం పుట్టింది. గసొంటి ఊర్లల్ల తిరిగి తిరిగి బవర్ గోలీ అయిండు. ఎండకాలం వస్తె సొంత దేశానికి పోయి, వాస్కెసూ సరస్సు కాడ బర్గర్ల దుకాణం నడిపేటోడు.

1957ల మల్ల క్లీవ్‌లాండ్‌కొచ్చిండు. ఆ 1957-58 ఏడు ఫోర్‌మన్‌కు కండ్ల ముంగట నిలబడి ఉండె. సొంతూరి మనిషి తిరిగొచ్చిండు, రెండు అవార్డులు రెండూ ఆయనకే వచ్చినయి. ఇగ ఇక్కడనే ఉంటడు, ఇక్కడనే ఆట ఇడుస్తడు అనుకున్నరు. బవర్ సుత గట్లనే అనుకుండు.

1958 జూన్ల టొరంటో ఆయన పేరు రాసుకుంది. అప్పుడు లీగుల నడుమ డ్రాఫ్ట్ అని ఉండె. కింద లీగుల మనిషిని పై టీము ఎంచుకుంటె పోవాల్సిందే. బవర్‌కు మనసు రాలే. 33 ఏండ్లొచ్చినయి, నాతోని వాళ్లకేం పని అని వెనకాడిండు. ఇది నాకు చాన నచ్చిన కాడ. పదమూడేండ్లు పై జాగా కోసం ఏడ్చుకుంట కూసున్నోడైతె ఎగిరి గంతేసేటోడు. ఆయన గంతెయ్యలే. క్లీవ్‌లాండ్ ఆయనకు ఇల్లు. ఆ జనం, ఆ మంచు, ఆ టీము. ఆఖరికి పోయిండు.

తర్వాతది నీకు బళ్లె సుత చెప్తరు. 1961ల గోలీలకు ఇచ్చే వెజినా ట్రోఫీ, 1965ల టెర్రీ సావ్‌చక్ తోని కలిసి ఇంకోటి. 1962, 1963, 1964, 1967ల స్టాన్లీ కప్పులు. ఆ 1967 కప్పు తర్వాత లీఫ్స్‌కు మల్ల కప్పు లేనే లేదు. చివరి ఆట 1969 డిసెంబరుల, 45 ఏండ్ల వయసుల ఆడిండు. 1976ల హాకీ హాల్ ఆఫ్ ఫేమ్. 2017 డిసెంబరు 26న 93 ఏండ్లకు చనిపోయినప్పుడు ఈ ఊరు ఊరంత మాట్లాడుకుంది. నేను మాత్రం ఫోర్‌మన్‌ను యాది చేసుకున్న. అప్పటికి ఆయన లేడు. క్లీవ్‌లాండ్ అరీనాను 1977లనే కూలగొట్టిన్రు. బ్యారన్స్ టీము అంతకు ముంగటనే, 1973ల ఊరిడిసిపోయింది. ఫోర్‌మన్ ఒకటే లెక్క చెప్పేటోడు, ఏహెచ్‌ఎల్‌ల నాలుగు కప్పులు, ఇక్కడ నాలుగు కప్పులు, మీరు ఒకపక్కనే ఎంచుతరు అని.

ఇంకొకటి చెప్పి ఆపుత. ఆ 1953 ఏడో ఆటల అటు పక్క ఉన్న సన్నటాయన ఉన్నడు గద, గిల్ మేయర్. ఆయనకు హోమ్స్ అవార్డు అయిదుసార్లు వచ్చింది, బవర్ కంటె రెండు ఎక్కువ. పిట్స్‌బర్గ్ టొరంటో కింది టీము. కాబట్టి పైన గోలీకి ఏమన్న అయితె మేయర్‌ను పిలిచేటోళ్లు, మల్ల పంపేటోళ్లు. అట్ల ఎన్‌హెచ్‌ఎల్‌ల ఆయన ఆడినవి మొత్తం తొమ్మిది ఆటలు. ఏ 1958 రాలే ఆయనకు. బవర్‌కు ఆ డ్రాఫ్ట్ రాకుంటె ఈ ఊర్ల ఆయన పేరు సుత ఎవ్వరికీ తెల్వకపోవు. అయినా 359 గెలుపులు 359 గెలుపులే ఉండేవి, అది మాత్రం ఎవ్వరూ తీసేసేది గాదు. ఏహెచ్‌ఎల్ వాళ్లు తమకు ఒక హాల్ ఆఫ్ ఫేమ్ పెట్టుకుంటె 2006ల మొదటి జాబితాలనే బవర్ పేరు ఎక్కింది. మరుసటేడు గిల్ మేయర్‌ది ఎక్కింది.